అన్నంభట్టు వర్ణసప్తకము - తెలుగు పచ్చ

తర్కసంగ్రహము చదువనారంభించిన విద్యార్థి ద్రవ్యములు తొమ్మిది, గుణములు ఇరువదినాలుగు అని వల్లించి, గుణములలో మొదటిదైన రూపమువద్దకు వచ్చునప్పటికి కొంత తెరిపి పడును. సమవాయము, విశేషము వంటి వాని నడుమ ఇది కంటికి కనబడు వస్తువు గదా యని అతని సంతోషము. ఆ సంతోషము రెండు దినములకంటె నిలువదు. మొదటి చిక్కు మాటలోనే యున్నది. తెలుగున రూపమనగా ఆకారము, అందము. నైయాయికునకు రూపమనగా రంగు మాత్రమే. కుండ గుండ్రముగా నుండుట దాని రూపము కాదు; ఎఱ్ఱగా నుండుట రూపము. ఈ సంగతి మొదటి దినమున చెప్పని అధ్యాపకుడు తరువాత నెల దినములు చెప్పవలసి వచ్చును.

రెండవ చిక్కు ఈ వ్యాసమునకు విషయము. రూపము ఏడు విధములని అన్నంభట్టు చెప్పినాడు: శుక్లము, నీలము, పీతము, రక్తము, హరితము, కపిశము, చిత్రము. వీనిని తెలుగు చేయుమనిన, తెలుపు, ఎఱుపు తక్క తక్కినవేవియు తిన్నగా తెలుగులోనికి రావు. నేను విద్యార్థిగా నున్నప్పుడు ఒక పరీక్షలో పీతమునకు పచ్చ యనియు, హరితమునకును పచ్చ యనియు వ్రాసి, రెండింటికిని గుండు సున్నలు తెచ్చుకొంటిని. దిద్దినవారు ప్రక్కన ప్రశ్నార్థకము గీచిరే గాని కారణము వ్రాయలేదు. మా అశ్వారావుపేటలో పుట్టి పెరిగినవానికి పసుపుకొమ్మును పచ్చనిదే, మోదుగాకును పచ్చనిదే. తప్పు ఎచ్చట నున్నదో నాకు తెలియుటకు చాల ఏండ్లు పట్టినది. తప్పు లేదని తెలియుటకు మరికొన్ని ఏండ్లు పట్టినది.

అన్నంభట్టు మనవాడు. 17వ శతాబ్దివాడు, తిరుమలాచార్యుని కుమారుడు, తెలుగుదేశమున పుట్టి కాశిలో విద్యాప్రతిష్ఠ సంపాదించినవాడని సంప్రదాయము. కాశికి పోయినంతమాత్రమున ప్రతివాడును అన్నంభట్టు కాజాలడని పండితులలో ఒక నానుడి నేటికిని కలదు. వ్యాకరణమున, మీమాంసలో, వేదాంతమున ఆయన వ్రాసిన గ్రంథములు పండితులకే పరిమితములు. బాలురకై వ్రాసిన తర్కసంగ్రహము, దానికి తానే వ్రాసిన దీపిక దేశమంతయు వ్యాపించినవి. 1897లో బొంబాయి సంస్కృత గ్రంథమాలలో అథల్యే, బోడసుల వివరణలతో ఇది వెలువడిన తరువాత కళాశాలలలోను పాఠ్యమైనది. ఇంటిలో తెలుగు వినుచు పెరిగిన ఒక పండితుడు పీతమును, హరితమును రెండుగా లెక్కించినాడనుట మనకు ఆలోచింపదగిన విషయము.

ముందు లక్షణమును చూతము. కంటిచేత మాత్రమే గ్రహింపబడు గుణము రూపమని సారాంశము. ఇందు ప్రతి మాటకును పనియున్నది. సంఖ్యను కన్నును పట్టును, చేయియు పట్టును. చీకటిలో తడవియు చేతిలోని గవ్వలు నాలుగని చెప్పవచ్చును. కావున ‘మాత్రమే’ యనుట. రంగులన్నిటియందును ఉండు రూపత్వమను జాతియు కంటికి మాత్రమే తెలియును. అది గుణము కాదు గనుక ‘గుణము’ అనుట. పరమాణువు రంగు ఎవరి కంటికిని కనబడదు గదా, అది రూపము కాదా యని శిష్యుడడుగును. కంటికి మాత్రమే తెలియు గుణములయందుండు జాతి దానియందును ఉన్నది గనుక అదియు రూపమే యని వ్యాఖ్యాతలు సరిపెట్టిరి. ఈ పద్ధతిలో రంగు వస్తువునందుండునదే గాని చూచువానియందుండునది కాదు.

పృథివికి ఏడు రంగులును కలవు. నీటికి తెలుపు ఒక్కటే, అదియు మెరుపు లేని తెలుపు. తేజస్సునకు మెరయు తెలుపు. గోదావరి వరదలో ఎఱ్ఱబారి పోవుటను భద్రాచలమువద్ద చూచినవానికి ఈ మాట మ్రింగుడు పడదు. విశ్వనాథ పంచాననుడు ముక్తావళిలో యమునను ఉదాహరణముగా తీసికొని ఈ శంకను తీర్చెను: ఆ నలుపు నీటిది కాదు, ఆశ్రయమువలన తోచునది, ఆ నీటినే దోసిట పట్టి పైకి చిమ్మిన తెల్లగా కనబడును. ప్రయోగముచేసి చూడుమనుట మన శాస్త్రములలో అరుదు గనుక ఈ వాక్యము నాకు ప్రియము. బంగారపు సంగతి ఇంకను విచిత్రము. ఎంత కాచినను దాని ద్రవత్వము నశింపదు గనుక బంగారము తేజస్సని వారి నిర్ణయము. మరి పచ్చదన మెక్కడిది? దానితో కలసియున్న పృథివీభాగముది. ఒక సిద్ధాంతమును నిలుపుటకు మరియొక కల్పన చేసిరని విద్యార్థి నవ్విన నేను వారింపను.

చీకటిని గూర్చి మీమాంసకులతో పడిన తగవును తడవి విడిచెదను. చీకటి నల్లనిది, కదలుచున్నది. గుణమును క్రియయు కలది ద్రవ్యమే గదా యని భాట్టులు. వెలుగు లేకపోవుటయే చీకటి, దాని నలుపు భ్రాంతి యని నైయాయికులు. వెలుగు లేనిదే కన్ను రంగును పట్టజాలదు. చీకటి రంగు మాత్రము వెలుగు లేనప్పుడే కనబడుచున్నది. కావున అది రంగు కాదు. ఈ వాదము గట్టిదే.

ఇక ఏడింటి పట్టికకు వత్తము. ఇందు నలుపు ఎక్కడ? కృష్ణము అను పేరు లేదు. నీలమనునదే నలుపు. అమరసింహుడు కృష్ణమునకు పర్యాయపదములు చెప్పుచు నీలమును అందే చేర్చెను. మన పెద్దలకును ఇదియే తోచినదనుటకు సాక్ష్యము చెరువులో నున్నది: నీలోత్పలమును తెలుగువాడు నల్లకలువ యన్నాడు. నేటి విద్యార్థి మాత్రము నీలమనగానే ఆకాశమును చూపును. నీలఘటమనగా నీలిమందు పూసిన కుండయని ఒకడు వ్రాసినాడు. అది అతని తప్పు కాదు. నీలమను మాట తెలుగున నిలిచి అర్థమును కుదించుకొన్నది, సంస్కృతమున దాని పాతయర్థము వెడల్పైనది.

పీతహరితముల విషయమున ఇది తలక్రిందైనది. సంస్కృతమున అవి రెండు. తెలుగున ఒకటే మాట, పచ్చ. పచ్చకామెరలలో పసుపువన్నె, పచ్చగడ్డిలో ఆకువన్నె. పచ్చజొన్న ఒకటి, పచ్చరాయి మరియొకటి. మేనిచాయ పచ్చనిదన్న మెచ్చుకోలు, ముఖము పచ్చబడిన రోగము. విడదీయవలసి వచ్చినప్పుడు పసుపుపచ్చ, ఆకుపచ్చ అని వస్తువును ముందు చేర్తుము. ఇది భాష పేదరికమని కొందరు. వారు అమరమును మరల తెరచి చూతురు గాక. పీతమును తెలుపుటకు అమరుడు పసుపుతో పోల్చిన పేరు చెప్పినాడు. హరితమునకు పర్యాయముగా పలాశపు పేరు చెప్పినాడు. పలాశము మోదుగ. అనగా సంస్కృత నిఘంటుకారుడును పసుపుకొమ్మును, ఆకును చూపియే ఆ రెంటిని చెప్పినాడు. మన అడవిలో విస్తళ్లు కుట్టు ఆకే ఆయనకు పనికివచ్చినది.

కవుల లెక్క వేరు. రాజశేఖరుడు కావ్యమీమాంసలో కవిసమయములను చెప్పుచు, నలుపును నీలమును, నలుపును హరితమును, నలుపును శ్యామమును, పసుపును ఎఱుపును, తెలుపును గౌరమును ఒకటిగా వర్ణింపవచ్చునన్నాడు. కావుననే శ్యాముడైన రాముడు ఒక పటమున నీలిరంగువాడు, మరియొక పటమున ఆకుపచ్చవాడు. కథకళిలో ఉదాత్తనాయకునకు వేయు ఆకుపచ్చని ముఖలేపముగల వేషమును మలయాళులు ‘పచ్చ’ యనియే అందురు. తార్కికుడు ఏడన్నచోట కవి మూడు నాలుగింటితో గడపుకొనును. తెలుగు ఉపన్యాసకులు ఈ రెండు లెక్కలను ఒకే గంటలో కలిపి చెప్పుటచేతనే సగము గందరగోళము కలుగుచున్నది. మూడవ లెక్క నొకదానిని పిల్లలే తెత్తురు: ఇంద్రధనుస్సులోని ఏడు. 1672లో కాంతిపై తన పరిశోధనను ప్రకటించిన న్యూటను తరువాత సంగీతస్వరములతో పోల్చి రంగులను ఏడుగా లెక్కించెను. ఆయన లెక్కలో తెలుపు లేదు, ఏలయనగా అది అన్నిటి కలయిక. అన్నంభట్టు లెక్కలో తెలుపు మొదటిది. ఏడను సంఖ్య తప్ప వీనికి చుట్టరికము లేదు.

బెర్లిన్, కే అను అమెరికా పండితులు 1969లో అనేక భాషలను పోల్చి, రంగుమాటలు ఒక క్రమమున పుట్టునని ప్రతిపాదించిరి: మొదట నలుపు తెలుపులు, పిదప ఎఱుపు, పిదప ఆకుపచ్చ గాని పసుపు గాని, అటుపిమ్మట నీలము, తరువాత కపిశము. తెలుగు ఇందులకు చాలవరకు ఒదుగును. నలుపు, తెలుపు, ఎఱుపు, పచ్చ అచ్చ తెలుగు మాటలు; నీలము ఎరవు; కపిశమునకు గోధుమను అడుగవలసి వచ్చినది. అయినను ఈ క్రమములో తెలుగును ఒక మెట్టుపై నిలిపి, ఇంకను ఎక్కవలసియున్నదని చెప్పుటకు నే నంగీకరింపను. పచ్చ అను మాట రంగును మాత్రమే చెప్పునది కాదు.

దాని కుటుంబమును చూడుడు: పచ్చి, పచ్చిక, పసరు, పసిమి, పసుపు, పసి. బరో, ఎమెనోల ద్రావిడ వ్యుత్పత్తికోశము (1961) వీనిని అరవపు పచ్చై మొదలగు వానితో ఒకచోట చేర్చినది. వీనియందన్నిటను తేమ, లేతదనము, ఇంకను పాకము పొందకుండుట అను భావము తోచుచున్నది. పచ్చిమిరప ఆకువన్నెది; పచ్చిపాలు తెల్లనివి; పచ్చిమాంసము ఎఱ్ఱనిది; కుమ్మరి ఇంకను కాల్చని కుండ ఏ రంగున నున్నను పచ్చికుండ. పచ్చికి ఎదురు మాట వేరొక రంగు కాదు. పండుట, వండుట, కాలుట. ఇది వైశేషికులు పాకమని పిలిచిన విషయమే. రంగును గూర్చి వారు తెగని వాదముచేసిన చోటను, తెలుగు రంగుమాటకు వేరున్న చోటును ఒకటే యగుట నాకు మొదట తోచినప్పుడు ఆ రాత్రి నిద్రపట్టలేదు. ఇందులో వ్యుత్పత్తి ఆవేశము కొంత యుండవచ్చును. పాఠకులు తగ్గించి పుచ్చుకొందురు గాక.

పాకవాదమిది. పచ్చికుండ నల్లగా నున్నది; ఆవములో కాలి ఎఱ్ఱనైనది. ఎఱుపు ఎవరికి పుట్టినది? వైశేషికులు పీలుపాకవాదులు. పీలువనగా పరమాణువు. అగ్ని తాకిడికి కుండ అవయవములు విడి, కడపట పరమాణువులుగా చెదరును. నలుపు పరమాణువులలో నశించి ఎఱుపు పరమాణువులలో పుట్టును. అవి మరల రెండేసిగా, పిదప అంతకంటె పెద్దవిగా కూడి కుండయగును. బయటకు వచ్చినది వేరొక కుండ. ఈ నాశోత్పత్తులకు తొమ్మిది క్షణములా, పదియా, పదునొకండా యని గ్రంథములలో లెక్కలు గలవు. ఈ పాకజప్రక్రియలో తొట్రుపడనివాడే వైశేషికుడని పేరుపొందుట ఊరక కాదు. నైయాయికులు పిఠరపాకవాదులు. పిఠరమనగా కుండ. కుండ కుండగానే యుండును. దానియందలి సన్నని రంధ్రములగుండ అగ్ని లోపలికి చొచ్చి మొత్తమునకే రంగు మార్చును. నిన్న పెట్టిన కుండయే నేడు తీసితినని గుర్తుపట్టుచున్నాము గదా. దానిపై పేర్చిన కుండలు కూలిపోలేదు గదా. లెక్క తప్పలేదు గదా యని వారి యుక్తులు.

మా ఊరిలో ఒక కుమ్మరి వృద్ధుని ఆవమువద్ద కూర్చుండి నేను ఈ వాదమును ఆయనకు తెలుగున చెప్పితిని. ఎండిన కుండలను పేర్చి, కట్టెలు పిడకలు నడుమ దూర్చి, గడ్డి కప్పి మట్టి మెత్తుచు ఆయన ఓపికగా వినెను. లోపల కుండ పొడిపొడియై మరల కూడునని కొందరు పెద్దలు చెప్పిరంటిని. ‘‘ఆములో పగిలిన కుండ మళ్లీ అతుక్కునేదైతే మాకీ కష్టమెందుకు పంతులుగారూ?’’ అనెను. గౌతమీయులు వ్రాసిన పుటలకు ఈ ఒక్క వాక్యము చాలునని నాకు తోచినది. కాని ఆయన వెంటనే మరియొక మాట చెప్పెను. గాలి ఆడనిచ్చిన కుండ ఎఱ్ఱబడునట. పొగ కమ్మునట్లు మూసివేసిన నల్లబడునట. అగ్ని ఒకటే, మట్టి ఒకటే, రంగులు రెండు.

నేటి రసాయనశాస్త్రము దీనికి కారణము చెప్పుచున్నది. మట్టిలోని ఇనుము గాలిలోని ప్రాణవాయువుతో కూడిన ఎఱుపు వచ్చును. ప్రాణవాయువు కొరవడి పొగలోని బొగ్గు పట్టిన నలుపు వచ్చును. మార్పు జరుగునది కంటికి కనబడని అణువుల పొందికలో. కుండ మాత్రము చెదరదు. అనగా రంగు మార్పునకు స్థానము చెప్పుటలో పీలువాదులు, కుండ నిలుకడను చెప్పుటలో పిఠరవాదులు సత్యమునకు దగ్గరగా నున్నారు. పూర్వులు సర్వమును ఎఱుగుదురని చాటుటకు దీనిని వాడుకొనువారు గలరు. వారితో నాకు పొత్తు లేదు. పరమాణువను మాట ఒకటియైనను భావములు రెండు. వైశేషికుని పృథివీపరమాణువునకు దానిదైన రంగు గలదు. నేటి అణువునకు అట్టిది లేదు.

మామిడికాయ మాగుట గ్రంథములలోని మరియొక ఉదాహరణము: ఆకువన్నె పోయి పసుపువన్నె వచ్చును, పులుపు పోయి తీపి వచ్చును, వాసనయు మారును. పృథివియందలి రూప రస గంధ స్పర్శలు నాలుగును పాకజములనుటకు ఇంతకంటె తేట సాక్ష్యము లేదు. అశ్వారావుపేట పిల్లలకు నేను పామాయిలు గెలను చూపింతును. కాయ కొన నల్లగా మొదలై, పండునప్పటికి నారింజవన్నె ఎఱుపునకు తిరుగును. గెలలు కోసి ఇచ్చటి నూనె మిల్లునకు తోలు ఇండ్లలోని పిల్లలకు రంగునుబట్టి పాకమును గుర్తించుట తర్కము చదువక మునుపే వచ్చును. నీలరూపనాశము, రక్తరూపోత్పత్తి అనునవి వారికి తోటలో సంగతులు.

ఏడవదైన చిత్రరూపము అన్నిటికంటె కఠినము. తెల్లనూలు, ఎఱ్ఱనూలు కలిపి నేసిన బట్ట రంగేమి? తెలుపును ఎఱుపును అనరాదా? అనరాదు. న్యాయమతమున బట్ట నూలుపోగుల కుప్ప కాదు. పోగులవలన పుట్టిన వేరొక ద్రవ్యము, అవయవి. రూపము తన ఆశ్రయమునంతయు వ్యాపించునదే గాని మూలమూలల నుండునది కాదు. బట్టకు తెలుపన్నచో అంతయు తెలుపు కావలెను. పోనీ, బట్టకు రంగే లేదందమా? రంగులేనిది కనబడదు, గాలివలె. బట్ట కనబడుచున్నది. కావున దానికొక రంగు గలదు, అది తెలుపు కాదు, ఎఱుపు కాదు, దానిపేరు చిత్రము. అవయవి యొకటి కలదను సిద్ధాంతము నిలువవలెనన్న ఈ ఏడవ రంగు ఉండితీరవలెను. ఇది రంగుల పట్టికలో చేర్చిన అలంకారము కాదు; ఒక దర్శనమునకు ఊతకోల.

ఆ ఊతకోలనే బౌద్ధులు లాగజూచిరి. 7వ శతాబ్దిలో ధర్మకీర్తి, పలువన్నెల వస్తువు ఒక్కటి యెట్లగునని ప్రశ్నించి అవయవిపైననే దెబ్బతీసెను. తరువాతివాడైన రత్నకీర్తి చిత్రాద్వైతమను పేర ఆ విచారమును జ్ఞానమునకే అన్వయించి గ్రంథము వ్రాసెను. ఇంటివాడైన రఘునాథ శిరోమణియు, 16వ శతాబ్దిలో, రంగు ఆశ్రయమునందు కొంతమేర మాత్రమే యుండవచ్చునని ఒప్పుకొన్నచో ఈ ఏడవది అక్కరలేదని త్రోసివేసెను. ఆయన వాదము అన్నంభట్టు నాటికి పాతదే. అయినను మనవాడు చిత్రమును విడువలేదు. దీపికలో శంకలు ఒక్కొక్కటిగా ఎత్తి, వ్యాప్యవృత్తి నియమముపైననే నిలిచినాడు. నా మొగ్గు శిరోమణివైపు. కాని పాఠము చెప్పునప్పుడు అన్నంభట్టు పట్టుదల ఎక్కువ ఉపయోగించుచున్నది, ఏలయనగా ఒక నియమమును విడువక పట్టిన ఎంతదూరము పోవలసి వచ్చునో అందు కనబడును.

ఇచ్చట ఒక పాతకుండను తలపక మానలేను. దక్షిణాపథపు బృహచ్ఛిలాసమాధులలో, మన గోదావరి అడవులలోని జానంపేట ప్రాంతమున నున్నవి ఆ తెగవే, నలుపెఱుపుల కుండలు పేరుపడినవి. లోపలయు అంచునను నలుపు, క్రింద ఎఱుపు. బోర్లించి కాల్చిన, గాలి తగిలినచోట ఎఱుపు, గాలి చేరనిచోట నలుపు వచ్చునని పురావస్తుజ్ఞుల సాధారణాభిప్రాయము. అన్నంభట్టు శిష్యునకు ఇది మంచి ప్రశ్న. బట్టలో రెండు రంగుల పోగులున్నవి. ఈ కుండలో మట్టి యంతయు ఒకటే, రంగు పాకమువలన వచ్చినది. పిఠరవాది మతమున మొత్తము కుండయే కాలినది గనుక ఒక్క పాకమునుండి ఒక్కసారిగా చిత్రరూపము పుట్టినదనవలెను. పీలువాది మతమున పరమాణువులలో కొన్ని ఎఱ్ఱబడి, కొన్ని నల్లబడి, ఆ పిదప కూడుటచే చిత్రము పుట్టినదనవచ్చును. ఈ ఒక్క కుండవిషయమున పీలువాదికే మాట సులువుగా నున్నది. కుమ్మరి వృద్ధునకు ఈ మాట చెప్పుటకు నాకు ధైర్యము చాలలేదు.

తరగతిలో వాడదగిన తెలుగు మాటలను గూర్చి రెండు ముక్కలు. నీలమునకు నలుపు అనియే చెప్పి నల్లకలువను ఉదాహరింపవలెను. పీతమునకు పసుపుపచ్చ, హరితమునకు ఆకుపచ్చ చాలును. రెంటికిని పచ్చ యని వ్రాసిన పిల్లవానికి సున్న వేయక, విడదీసి చెప్పుమనుట న్యాయము. కపిశమునకు గోధుమరంగు అనుట నాకెన్నడును నచ్చలేదు. మా వైపు జొన్న, వరి ఎఱుగుదుము గాని గోధుమచేను చూచినవారు తక్కువ. ఒకనాడు తరగతిలో కోతివన్నె యని కష్టపడి వివరించుచుండగా, పశువులు కాచు ఇంటినుండి వచ్చిన విద్యార్థి లేచి, ‘‘అది పుల్ల కదండీ? మా పుల్లావు రంగు అదే’’ అనెను. పుల్ల యనగా కపిలవర్ణమని నిఘంటువులును చెప్పుచున్నవి. నాకు ఎన్నడును స్ఫురించలేదు. నల్లదానిని కర్రియావనియు, ఈ వన్నెదానిని పుల్లావనియు పిలుచుట వారికి నిత్యవ్యవహారము. అయినచో చిత్రమునకు మీ మందలో మాట యున్నదా యని అడిగితిని. ఉన్నదన్నాడు. ఒంటిపై మచ్చలున్నదానిని పొడలావందురట. దాని రంగు తెలుపా, ఎఱుపా యని రెట్టించితిని. ‘‘పొడే అండీ’’ అని కూర్చున్నాడు.